పాత ఆట – కొత్త పాఠం

ప్రాచీన గ్రంథాలను పరిష్కరించే పండితులకు రెండు మాటలు అడుగడుగునా ఎదురవుతాయి. ఒకటి మూలం, రెండవది ప్రక్షిప్తం. కవి రచించినది మూలం. ఆ తరువాత ఎవరో చేర్చినది ప్రక్షిప్తం. ఈ రెంటినీ వేరు చేయడంలోనే కొందరి జీవితాలు గడిచిపోయాయి. అయితే ఇతరులు చేర్చినదంతా త్యాజ్యమని మన పెద్దలు ఎన్నడూ అనలేదు. పోతన భాగవతంలో కొన్ని భాగాలు శిథిలమయ్యాయని చెప్పుకుంటారు. పంచమ స్కంధాన్ని గంగన, షష్ఠ స్కంధాన్ని సింగన, చివరి రెండు స్కంధాలను వెలిగందల నారయ పూరించారు. అరణ్యపర్వ శేషాన్ని రచించిన ఎర్రన తన పేరును వెనుకకు నెట్టి, నన్నయ మార్గంలోనే రాజరాజనరేంద్రునికి అంకితం చేశాడు. ఒకరి కృతిలో వేరొకరు చేయి పెట్టవచ్చునా, పెడితే ఎంత వినయంతో పెట్టాలి అనే ప్రశ్న మన సాహిత్యంలో చాలా పాతది.

ఆ ప్రశ్న మా ఇంట్లో ఒక ఆట యంత్రం దగ్గర తిరిగి తలెత్తింది. వీడియో గేముల అభిమానులు 'మాడ్' అనే ఒక మాట వాడతారు. మార్పు అనే అర్థమున్న ఆంగ్లపదానికి అది పొట్టిరూపం. ఒక సంస్థ తయారుచేసి అమ్మిన ఆటలో ఆడేవారే తమ అభిరుచి మేరకు చేసుకొనే మార్పు అది. కొత్త దారులు వేస్తారు, పాత్రల వేషాలు మారుస్తారు, భాష మారుస్తారు. తయారీ ఎప్పుడో ఆగిపోయిన పాత యంత్రాల మీద కూడా ఈ పని జరుగుతుంది. సంస్థ వదలివేసిన ఆటను ఆడేవారు వదలకపోవడమే ఇందుకు కారణం.

మా యంత్రం పేరు వీ. జపాన్‌లోని క్యోటో నగరానికి చెందిన నింటెండో సంస్థ 2006లో విడుదల చేసింది. ప్రపంచం మొత్తం మీద పది కోట్లకు పైగా అమ్ముడైంది. బొత్తాలు నొక్కడం కాక చేతిని ఊపి ఆడటం దీని ప్రత్యేకత. అందుచేతనే, అంతకుముందు ఆటల వంక కన్నెత్తి చూడని వృద్ధులు కూడా దీని ముందు నిలబడ్డారు. అమెరికాలో ఉన్న మా తమ్ముడు 2013లో వచ్చినప్పుడు ఒక యంత్రాన్ని పెట్టెలో పెట్టి తెచ్చాడు. అక్కడి విద్యుత్తు నూట ఇరవై వోల్టులు, మనది రెండు వందల ముప్పై. మన కరెంటుకు తగిన అడాప్టరు కూడా కొని అమర్చి, 'మారియో కార్ట్' అనే పందెం ఆట డిస్కును అందులో పెట్టి వెళ్ళాడు. ఆ ఆటకు ఒక తెల్లని ప్లాస్టిక్ చక్రం ఉంటుంది. దానిని కారు స్టీరింగు మాదిరిగా రెండు చేతులతో పట్టుకొని తిప్పాలి.

ఎన్నడూ బండి నడపని మా అమ్మ ఆ చక్రం పట్టుకున్నది. అక్కడివారి శనివారం సాయంత్రం మనకు ఆదివారం ఉదయం. ఆ వేళకు కాఫీ ముగించి అమ్మ తెర ముందు కూర్చునేది. సముద్రానికి అవతల ఇద్దరు మనవలు, ఇవతల నానమ్మ. పందెంలో ఆమె ఎప్పుడూ వెనుకనే ఉండేది. అయినా అది ఫోను సంభాషణకంటే మేలైన కలయిక. ఫోనులో ఆ పిల్లలకు తెలుగు తడబడేది, అమ్మకు మాటలు వెతుక్కోవలసి వచ్చేది. పందెంలో ఆ ఇబ్బంది లేదు.

2014 మే 20న నింటెండో సంస్థ ఆ యంత్రానికి సంబంధించిన అంతర్జాల పోటీల సేవను నిలిపివేసింది. డిస్కు మనదే, యంత్రం మనదే, కాని అవతలి మనిషిని కలిపే తీగ తెగిపోయింది. యంత్రం అటక ఎక్కింది.

దానిని దింపినవాడు మా మేనల్లుడు. ఇంజనీరింగు చదువుతున్నాడు. కిందటి వేసవి సెలవుల్లో వచ్చి, దుమ్ము తుడిచి, "మామయ్యా, దీన్ని మళ్ళీ బతికించవచ్చు" అన్నాడు. ఎలాగని అడిగితే చెప్పిన కథ నాకు ఏ కావ్యకథకూ తీసిపోలేదు.

ఈ యంత్రం తన తయారీదారు ముద్ర ఉన్న కార్యక్రమాలను తప్ప మరి వేటినీ నడపదు. కోటకు ఒకే ద్వారం, ద్వారపాలకుని చేతిలో రాజముద్ర. ముద్ర లేనివాడు లోనికి పోరాదు. 2008లో కొందరు యువకులు ఆ కోటలో ఒక రంధ్రం కనుగొన్నారు. 'జెల్డా' అనే ఆటలో కథానాయకునికి ఒక గుర్రం ఉంటుంది. ఆడేవారు దానికి తమకు నచ్చిన పేరు పెట్టవచ్చు. ఆ పేరు ఆట తాలూకు నిల్వ ఫైలులో భద్రమవుతుంది. ఆ ఫైలును తీసుకొని, గుర్రం పేరు ఉండవలసిన చోట యంత్రం ఊహించనంత పొడవైన పేరును వారు ఉంచారు. మీరు పరీక్ష దరఖాస్తు నింపేటప్పుడు పేరుకు కొన్ని గడులు ఇస్తారు గదా. గడులు చాలకపోయినా రాస్తూ పోతే అక్షరాలు పక్క గడులలోకి, అంటే చిరునామా, పుట్టినతేదీల మీదికి పొర్లుతాయి. ఆ ఆటలో పేరు పొడవును సరిచూసుకొనే నియమం లేదు. అందువల్ల గుర్రం పేరు తన హద్దులు దాటి, యంత్రం తరువాత ఏ పని చేయాలో రాసి ఉన్న చోటును కప్పివేసింది. యంత్రం ఆ కొత్త రాతనే ఆజ్ఞగా భావించి నడిచింది. తలుపు తెరుచుకున్నది.

గుర్రం కారణంగా కోటలు కూలిన కథలు లోకంలో ఉన్నాయి గాని, గుర్రం పేరు కారణంగా కూలిన కోట ఇదొక్కటే కావచ్చు.

సంస్థ ఆ రంధ్రాన్ని తరువాతి సవరణలలో పూడ్చింది. వెంటనే మరొకటి బయటపడింది. మా మేనల్లుడు వాడినది 2011 నాటి ఉపాయం. వీ యంత్రంలో ఉత్తరాల పలక ఒకటి ఉంటుంది. ఆ యంత్రం గుర్తింపు సంఖ్యకు సరిపోయేటట్లు ప్రత్యేకంగా తయారుచేసిన ఒక ఉత్తరాన్ని మెమరీ కార్డులో ఉంచితే, పలక మీద బాంబు బొమ్మతో అది కనిపిస్తుంది. దానిని తెరిచినప్పుడు యంత్రం ముద్ర లేని కార్యక్రమాన్ని నడుపుతుంది. తెర మీద మొదట వచ్చే హెచ్చరిక నన్ను ఆకట్టుకున్నది. ఇది ఉచితం, దీనికి నీవు డబ్బు చెల్లించి ఉంటే మోసపోయినట్లే అని దాని సారాంశం. తాము రాత్రింబవళ్ళు శ్రమించి చేసిన దానికి వెల లేదని ముందుగా చెప్పుకొనే రచయితలు సాహిత్యంలోనైనా ఎందరు?

కాని ఈ పని ప్రమాదం లేనిది కాదు. మధ్యలో కరెంటు పోయినా, ఒక ఫైలు తప్పుగా చేరినా యంత్రం శాశ్వతంగా మూగబోవచ్చు. అలాంటి యంత్రాన్ని అభిమానులు 'ఇటుక' అంటారు. మనం రాయి అంటే సరిపోతుంది, అహల్య కథ మనకు ఉండనే ఉన్నది. శాపవిమోచనానికి ముందుచూపు ఒక్కటే మార్గం. యంత్రం లోపలి జ్ఞాపకమంతా, అంటే 512 మెగాబైట్ల పదార్థం, ముందుగా ప్రతి తీసి భద్రపరచాలి. మొదటి తరం యంత్రాలలో అయితే అన్నిటికంటే ముందు మేల్కొనే స్థానంలోనే రక్షకుణ్ణి కూర్చోబెట్టవచ్చు. అప్పుడు పైన ఏమి చెడినా ఆ ప్రతి నుండి పునరుద్ధరించవచ్చు. తరువాతి కాలపు యంత్రాలలో ఆ వెసులుబాటు లేదు. మాది మొదటి తరానిదే. అయినా ప్రతి తీస్తున్నంతసేపూ మేనల్లుడు ఎవరినీ స్విచ్చి దగ్గరకు రానివ్వలేదు. అమ్మ మాత్రం, తన మనవల ముఖాల పోలికతో చేసిన రెండు బొమ్మలు ఆ యంత్రంలో ఉన్నాయని, అవి పోకూడదని పదే పదే చెప్పింది. వాళ్ళకు అప్పుడు ఎనిమిదేళ్ళు, పదేళ్ళు. ఇప్పుడు మీసాలు వచ్చాయి. బొమ్మలకు రాలేదు.

ఇక్కడ ఒక విషయం స్పష్టం చేయాలి. ఈ తలుపు గుండా దొంగలు కూడా వెళతారు. కొనని ఆటలను నకలు చేసుకొని ఆడటం చౌర్యమే, దానికి వేరే పేరు లేదు. మాడ్ అందుకు భిన్నమైనది. తాను కొన్న డిస్కును తన యంత్రంలో ఉంచి, దాని నడకను తన కోసం మార్చుకోవడం అది. చట్టం దృష్టిలో కూడా ఇది అంత తేలికగా తేలిన విషయం కాదు. ఆట నడుస్తుండగా దాని విలువలను తాత్కాలికంగా మార్చే 'గేమ్ జీనీ' అనే పరికరంపై నింటెండో వ్యాజ్యం నడిపినప్పుడు, 1992లో అమెరికా అప్పీలు న్యాయస్థానం ఆ పరికరం పక్షాన తీర్పు చెప్పింది. వేరొక ఆటకు అభిమానులు అల్లిన కొత్త రంగస్థలాలను సేకరించి ఒక సంస్థ అమ్మకానికి పెట్టినప్పుడు, 1998లో అదే న్యాయస్థానం అమ్మినవారిని తప్పుపట్టింది. అంతకుముందు మరో విధంగానూ జరిగింది. పాక్-మ్యాన్ ఆట పెట్టెలకు అమర్చే మార్పు బోర్డును కొందరు అమెరికన్ యువకులు తయారుచేస్తే, అక్కడ ఆ ఆటను అమ్ముతున్న మిడ్‌వే సంస్థ వారితో తగవు పడక దానిని కొనుక్కొని, 1982లో 'మిస్ పాక్-మ్యాన్' అనే పేరుతో విడుదల చేసింది. ప్రక్షిప్తాన్నే ప్రత్యేక కావ్యంగా అంగీకరించినట్లయింది.

నాకు అన్నిటికంటే నచ్చినది మార్పు చేసే పద్ధతి. మా డిస్కు మీద ఒక్క గీత కూడా మారలేదు, మారే వీలు కూడా లేదు. 'రివల్యూషన్' అన్న మాటను కొంచెం వంకర తిప్పి పేరు పెట్టిన ఒక కార్యక్రమం మెమరీ కార్డులో ఉంటుంది. ఆట నడుస్తూ డిస్కులోని ఒక ఫైలును అడిగినప్పుడు, ఆ కార్యక్రమం తన పట్టికను చూస్తుంది. "ఈ ఫైలుకు బదులుగా కార్డులోని ఆ ఫైలును ఇవ్వు" అని పట్టికలో ఉంటే అలా ఇస్తుంది. లేకుంటే మూలాన్నే ఇస్తుంది. కార్డు తీసివేస్తే ఆట యథాతథం. పాత తెలుగు పుస్తకాల చివర తప్పొప్పుల పట్టిక ఉండేది గుర్తుందా? ఫలానా పుటలో, ఫలానా పంక్తిలో, ఈ మాటకు బదులు ఈ మాట చదువుకోవలెను అని. పుస్తకాన్ని చెరపదు, చదివే తీరును మాత్రం మారుస్తుంది. మెదకు ప్రాంతపు కొలిచెల వంశీయుడైన మల్లినాథసూరి కాళిదాసు శ్లోకాలను తాకకుండా, వాటి చుట్టూ వ్యాఖ్య అల్లాడు. చేయి పెట్టడంలో వినయమంటే ఇదేనని నా అభిప్రాయం.

యంత్రం బతికింది. తెగిన తీగను కలపడానికి కూడా ఉపాయం ఉన్నది. నింటెండో తన సేవను ఆపిన 2014లోనే కొందరు స్వచ్ఛంద సేవకులు 'వీమ్‌ఫై' అనే ప్రత్యామ్నాయ సర్వరును నెలకొల్పారు. ఆట ప్రారంభమయ్యేటప్పుడు పాత చిరునామాకు బదులు ఈ కొత్త చిరునామా అందేటట్లు చేస్తే చాలు. తమ్ముడి ఇంట్లో ఉన్న రెండవ యంత్రానికి కూడా పిల్లలు అదే పని చేశారు. పన్నెండు అంకెల స్నేహసంఖ్యను అమ్మ పంచాంగం వెనుక రాసుకున్నది. దశాబ్దం తరువాత మళ్ళీ ఆదివారం ఉదయపు పందెం మొదలైంది.

అయితే అసలు సమస్య ఆ తరువాత వచ్చింది. పందెం వారానికి ఒకటే. మిగిలిన రోజుల్లో మేమందరం ఉద్యోగాలకు, చదువులకు వెళ్ళిపోతే, అమ్మ ఒంటరిగా సాధన చేయాలని కూర్చునేది. తెర మీద ఆంగ్లాక్షరాలు. ఏ మీట నొక్కితే ఏమవుతుందో తెలియదు. "ఏం రాశాడో చెప్పేవాళ్ళు లేక ఆపేశాను" అని సాయంత్రం చెప్పేది. మా అమ్మ చదువు రానిది కాదు. భాగవతం నేటికీ కళ్ళజోడు పెట్టుకొని స్వయంగా చదువుకొంటుంది. తన ఇంట్లో, తన వస్తువు ముందు, తాను నిరక్షరాస్యురాలు కావడం ఆమెకు నచ్చలేదు. "గుర్రానికి పేరు మార్చి తలుపులు తీసినవాళ్ళు, ఈ నాలుగు మాటలు తెలుగు చేయలేరా?" అని మనవణ్ణి అడిగింది.

నాలుగు మాటలే. కాని అవి ఎంత పని పెట్టాయో చెప్పాలి. ఆటలో మాటలు ఒక ఫైలులో ఉంటాయి, అక్షరాల రూపాలు మరొక ఫైలులో ఉంటాయి. మాటలను మార్చడం సులభం. అక్షరాల దగ్గరే చిక్కు. ఆ యంత్రానికి తెలిసిన విద్య ఒక్కటే, ఒక బొమ్మ పక్కన మరొక బొమ్మను పేర్చడం. ఆంగ్లానికి అది చాలు. జపాను లిపిలో వేల గుర్తులున్నా ఒక్కొక్కటి తన చదరంలో తాను ఒదిగి ఉంటుంది. మన అక్షరం అలా కాదు. తలకట్టు పైన, గుడి ఇంకా పైన, ఒత్తు కింద, క్రావడి పక్క నుండి చుట్టుకొంటుంది. 'స్త్రీ' అనే ఒక్క అక్షరాన్ని నేటి కంప్యూటరు ఆరు సంకేతాలుగా దాచుకొంటుంది. ఆ ఆరింటినీ కలిపి ఒక రూపంగా చూపే నేర్పు మన సెల్‌ఫోన్లకు ఉన్నది, ఆ పాత యంత్రంలోని ఆటకు లేదు. దానికి ఇస్తే సకారం, తకారం, రేఫ విడివిడిగా వరుసలో నిలబడతాయి.

మేనల్లుడు రెండు రోజులు తల పట్టుకున్నాడు. చివరకు, "ప్రతి అక్షరాన్నీ ఒత్తులు గుణింతాలతో సహా ముందే కలిపి ఒక్కో బొమ్మగా చేసి, వాడని స్థానాల్లో పెట్టాలి అమ్మమ్మా. అంతకన్నా దారి లేదు" అన్నాడు. అమ్మ వెంటనే, "అంటే మీ తాతయ్య కేసులే కదరా" అన్నది.

మా నాన్నగారు తెనాలిలో ఒక ముద్రణాలయంలో కంపోజిటరుగా పనిచేశారు. సీసపు అక్షరాల రోజులు అవి. తెలుగు అచ్చుకు వందల కొద్దీ గళ్ళున్న కేసులు ఉండేవి. గుణింతపు రూపాలు కొన్ని, ఒత్తులు కొన్ని, కలిపి పోతపోసినవి కొన్ని. ఫారం ముద్రణ అయిన తరువాత అక్షరాలను కడిగి, ఎక్కడివక్కడ తిరిగి గళ్ళలో వేయాలి. పని ఒత్తిడి ఉన్నప్పుడు అమ్మ కూడా వెళ్ళి ఆ పని చేసేది. ఏ అక్షరం ఎంత తరచుగా అవసరమవుతుందో, దేనికి పెద్ద గడి కావాలో ఆమెకు చేతివేళ్ళకు తెలుసు. ఇంజనీరింగు విద్యార్థి వెతుక్కొంటున్న పద్ధతి వంటింటి గుమ్మం దగ్గరే ఉన్నది.

ఇక ముగ్గురం కూర్చున్నాం. ముందుగా తెర మీది మాటలకు తెలుగు రాసుకొని, వాటిలో వేర్వేరు అక్షరాలు ఎన్ని పడతాయో లెక్కించాలి. మాటలు తక్కువ అక్షరాలతో కుదిరితే బొమ్మలు తక్కువ చేయవచ్చు. ఈ నియమం నా పాండిత్యానికి పరీక్ష పెట్టింది. 'గ్రాండ్ ప్రీ'కి నేను 'మహాస్పర్ధ' అన్నాను. అమ్మ 'పెద్ద పందెం' అన్నది. 'టైమ్ ట్రయల్స్'కు నేను 'కాలపరీక్ష' అంటే, ఆమె 'గడియారంతో పందెం' అన్నది. 'క్విట్' అనే మాటకు 'నిష్క్రమించు' అన్నాను. "నాటకంలో పాత్రలు నిష్క్రమిస్తాయి, నేను చాలిస్తాను" అన్నది. 'చాలించు' నిలిచింది. 'కొనసాగించు' మాత్రం నాది. 'ఇంకా ఆడు' అని ఆమె అన్నప్పటికీ, పందెం మధ్యలో ఆపి తిరిగి మొదలుపెట్టడానికి అది సరిపోదని నేను పట్టుబట్టాను. ఇప్పటికీ అదే నా అభిప్రాయం. మొత్తం మీద ఎనభై ఆరు అక్షరరూపాలు తేలాయి.

బొమ్మలు గీయడంలో మరో చిక్కు వచ్చింది. ఆ ఆటలో అక్షరానికి ఇచ్చిన ఎత్తు ఆంగ్లానికి తగినది. మన ఒత్తులు కింద తెగిపోయాయి. ఒత్తు కోసం అక్షరాన్ని చిన్నది చేస్తే, మా పాత టీవీ తెర మీద 'ప'కు 'వ'కు, 'థ'కు 'ధ'కు తేడా కనబడలేదు. మేనల్లుడు గీతలు లావు చేశాడు. అమ్మ పది అడుగుల దూరంలో కూర్చొని ప్రూఫులు దిద్దినట్లు ఒక్కొక్కటే చదివి, అలుక్కుపోయిన వాటిని చెప్పింది. తొమ్మిది సార్లు కార్డు తీసి, మార్చి, పెట్టవలసి వచ్చింది. పదవసారి తెర మీద 'పెద్ద పందెం' అని గుండ్రని తెలుగులో కనిపించినప్పుడు ఆమె ఏమీ అనలేదు. చక్రం అందుకొని, మాలో ఎవరినీ అడగకుండా మీట నొక్కింది.

తెలుగు తెరలూ, ఆదివారపు పందెపు చిరునామా మార్పూ ఒకేసారి పనిచేసేటట్లు మేనల్లుడు ఇంకా కూర్చి చూస్తున్నాడు. ప్రస్తుతానికి రెంటికీ రెండు కార్డులు. తెర ఫోటో చూసిన అమెరికా మనవలు తమకూ ఆ తెలుగు కార్డు పంపమన్నారు. 'చాలించు' అంటే ఏమిటని చిన్నవాడు అడిగితే అమ్మ ఫోనులో పావుగంట వివరించింది. గమ్యం చేరినప్పుడు తెర నిండా వచ్చే మాట ఒక్కటి మాత్రం ఆంగ్లంలోనే మిగిలి ఉన్నది. అది అక్షరాలుగా కాక బొమ్మగా ఉన్నందువల్ల విడిగా గీయాలి. నేను 'గమ్యం' అన్నాను. అమ్మ 'చేరావు' అంటే బాగుంటుందంటున్నది. మేనల్లుడు రెండూ గీసి పంపాడు. ఇంకా తేలలేదు.